హద్దు నూలు

దాలమ్మ వలుగ చేప దవడతో పత్తి దువ్వుతుంటే
గింజ చుట్టూ పీచు తెల్లగా లేచి నిలబడేది.
ఆ లేచిన పీచులోనే సన్నోళ్ళుంటారని
మొదటిసారి చెప్పింది.
"నవ్వకే గుంటా. ఊపిరి బిగబట్టి సూడు."

బిగబట్టాను.
పొందూరు సాలివీధిలో మధ్యాహ్నం,
ఎవరింట్లోనో ఎండుచేపలు వేగుతున్నాయి.
ఒక పింజ లేచి, దూలం దాకా వెళ్ళి,
తిరిగి రాలేదు.
"రాయబారి" అంది దాలమ్మ. "కొండకి కబురెల్లింది."

వాళ్ళ చెవులు మొగలిరేకు కొసల్లా ఉంటాయి.
వాళ్ళు మాట్లాడుకుంటే కదురు తిరిగినట్టుంటుంది.
వాళ్ళకి చావు లేదు, అరుగుదలే.
మూడొందలేళ్ళకి ఇరవయ్యో నంబరు నూలంత,
ఆరొందలేళ్ళకి నలభయ్యో నంబరంత.
రాణి వంద దాటేసిందట,
ఎదురుగా నిలబడ్డా వెనకనున్న గోడే కనిపిస్తుందట.
ఆ రాణికి దాలమ్మ రోజుకో పేరు పెట్టేది.
నిన్నటి పేరు గుర్తుచేస్తే విసుక్కునేది:
"రాణి గాదేటి, ఆ మాత్రం పేర్లుండవా?"

మహేంద్రగిరి మీద మబ్బు ఆనే చోట కొండ సన్నోళ్ళ కోట.
తలుపుల్లేవు. ఎవరూ లావుగా లేరు గనక సందులు చాలు.
జైలూ లేదు.
తప్పు చేసినవాడి మెడలో ఆవగింజ కడతారు,
ఏడాదిపాటు అది మోస్తూ నడవాలి.
నాగావళి ఇసకలో ఏటి సన్నోళ్ళు,
వరదకి ఇల్లు పోతే ఏడవరు,
ఇల్లు ఎటు పోయిందో అటు పోతారు.
నౌపడ ఉప్పుమళ్ళలో ఉన్నవాళ్ళ సంగతి మాత్రం
ఎన్నిసార్లడిగినా దాటేసింది.
ఆమె పుట్టిల్లు అటే.

కొండవాళ్ళకీ ఏటివాళ్ళకీ తగువు.
దేనిమీదనుకున్నారు?
పొద్దుటి మంచు ఎవరిదని.
మా దగ్గర పుట్టింది గనక మాదంటారు వాళ్ళు,
మా దగ్గర పడుకుంది గనక మాదంటారు వీళ్ళు.
బాణాలు గడ్డిపరకలు, డాళ్ళు చేపపొలుసులు,
అయినా యుద్ధం యుద్ధమే.
"సన్నోడి గాయం సన్నంగుండదే" అంది.
చేతిలో పోగు అప్పుడే తెగింది.

హద్దు గియ్యాలి. దేంతో?
రాయి పాతితే బరువుకి రాజ్యమే కుంగిపోతాది.
"నూలుతో. ఒకే ఒక్క బార.
అతుకుండకూడదు."
అని, మిగతా కథ రేపటికి దాచి,
ఏకులు అరటిదూటలో సర్దుకుని లేచింది.

నాకు ఎనిమిదేళ్ళు. రేపటిదాకా ఆగే వయసా?
చిలపలోంచి ఒక బార తెంపాను.
జడ రిబ్బన్లో చుట్టుకుని
ఆదివారం పిన్ని వెంట పాసింజరెక్కి,
ఆమదాలవలసలో దిగి,
ఏటి ఇసక మీద పరిచాను.
గాలికి లేస్తుందని నాలుగు రేగ్గింజలు పెట్టాను,
బరువు కూడదని గుర్తొచ్చి తీసేశాను.
నూలు కాసేపు ఉంది.
తర్వాత ఉందో లేదో తెలియలేదు.
హద్దంటే అంతేనేమో.

సోమవారం సంఘంలో చిలప కొలిచారు.
గుమస్తా తవిటయ్య కళ్ళద్దాలు ఎత్తి
ఒక బార తక్కువన్నాడు.
ముప్పావలా కోసి, ఎర్రసిరాతో రాశాడు.
దాలమ్మ నూలు తక్కువ రావడం
ఆ పుస్తకంలో అదే మొదటిసారట.
ఆమె తవిటయ్యతో ఏమీ అనలేదు.
నా జడకేసి చూసింది.
మెడ దగ్గర ఏదో చిన్నది, గుండ్రంగా, బరువెక్కింది.

ఆ సాయంత్రం కథలో యుద్ధం ఆగిపోయింది.
ఎలా ఆగిందని నేనడగలేదు.
రెండు పక్కలవాళ్ళూ హద్దు దగ్గరికొచ్చి,
అదెక్కడుందో కనపడక వెతుక్కుంటూ
ఒకళ్ళ మీద ఒకళ్ళు పడి నవ్వుకున్నారట.
"కొత్తగా ఇంకో జాతి దిగింది" అంది
కదురు మీంచి కళ్ళెత్తకుండా.
"దొంగసన్నోళ్ళు.
ఎక్కువమంది నేరు. ఒక్కతే."

నా చెవి కొస వేడిగా,
కొంచెం పొడుగ్గా అనిపించి
చేత్తో కప్పుకున్నాను.